ఒక్క చెక్క పొలం, మూడు దావాలు

2017 ఆగస్టులో మా నారు మడిలోనే ముదిరిపోయింది. కాలువకు నీళ్లు వచ్చాయి. దమ్ముకు ట్రాక్టరు మాట్లాడుకున్నాం, నాట్లకు కూలీలకు చెప్పి పెట్టాం. తీరా ఆ రోజు పొద్దున మా నాన్న ఒక గట్టు మీద, మా మేనత్త కొడుకు అవతలి గట్టు మీద నిలబడ్డారు. నాన్న చేతిలో ఒక కోర్టు ఇచ్చిన ఇంజంక్షన్ ఆర్డరు ఉంది. ఆయన సాగుకు బాబాయి అడ్డు రాకూడదని దాని సారాంశం. బావ చేతిలో మరో కోర్టు ఇచ్చిన ఆర్డరు ఉంది. పొలం ఉన్నది ఉన్నట్టే ఉండాలి, ఎవరూ ఏ మార్పూ చేయకూడదని దాని సారాంశం. నాటు వేయడం మార్పు కిందికి వస్తుందా, రాదా? కబురు పెడితే వచ్చిన హెడ్ కానిస్టేబుల్ రెండు కాగితాలూ రెండేసి సార్లు చదివి, "రెండూ జడ్జి గార్ల సంతకాలే. నేనేం చెప్పేది? వెళ్లి మీ ప్లీడర్లను అడగండి" అని మడిచి ఇచ్చేశాడు. ప్లీడర్లు పిటిషన్లు వేశారు, వాయిదాలు పడ్డాయి. ఈలోగా నారు నలభై రోజులు దాటింది. ఆకు కొసలు పసుపు తిరిగాయి. కట్ట పీకితే వేళ్లు తెగి చేతికొచ్చాయి. ఆ సార్వా మా పొలం బీడు పడింది.

మా ఊరు గుంటూరు నుంచి బాపట్ల వెళ్లే దారిలో ఉంటుంది. తగాదా పడిన భూమి రెండెకరాల ఎనభై సెంట్లు. ఒకే సర్వే నంబరు, ఒకే చెక్క. తాతయ్య స్వార్జితం. 1998లో ఆయన పోయారు. మరుసటి ఏడు నాన్న, బాబాయి పెద్దమనుషుల ముందు కూర్చుని పంపకాల కాగితం రాసుకున్నారు. అందులో అత్తయ్య సంతకం లేదు. ఆడపిల్లకు పెళ్లినాడే పసుపు కుంకుమ కింద ముట్టజెప్పాం కదా అని అన్నదమ్ముల మాట. ఇచ్చినవి నగలు, నేలలో నా వాటా నాకే ఉందని అత్తయ్య మాట. వీలునామా రాయకుండా పోయిన తండ్రి స్వార్జితంలో కూతురికి కొడుకుతో సమానంగా వాటా 1956 నాటి హిందూ వారసత్వ చట్టంలోనే ఉంది. అయినా పదిహేనేళ్లు ఎవరూ నోరు మెదపలేదు. 2014 తర్వాత రాజధాని కబురుతో ఎకరం ధర మారింది, మాటలూ మారాయి.

2015లో గట్టు జరిపాడంటూ బాబాయి మీద నాన్న ఇంజంక్షన్ దావా వేశారు. అది జూనియర్ సివిల్ జడ్జి కోర్టుకు వెళ్లింది. 2016లో అత్తయ్య అన్నదమ్ములిద్దరి మీదా పంపకాల దావా వేసింది. దాని విలువ ఎక్కువ కనుక సీనియర్ సివిల్ జడ్జి కోర్టుకు, అదీ వేరే ఊళ్లోకి వెళ్లింది. 2018లో బాబాయి దగ్గర ఆయన సగం కొనడానికి అడ్వాన్సు ఇచ్చిన ఆసామి, అగ్రిమెంటు ప్రకారం రిజిస్ట్రేషన్ చేయించమని బాబాయి ఒక్కడి మీదే మూడో దావా వేశాడు. అందులో మేం పార్టీలం కూడా కాదు. మూడు దావాలకు మూడు కోర్టు హాళ్లు, ఆరుగురు ప్లీడర్లు. మూడు చోట్లా తేలాల్సిన ప్రశ్న మాత్రం ఒక్కటే. ఆ 1999 నాటి కాగితం నిలుస్తుందా? నిలిస్తే ఎవరిని కట్టిపడేస్తుంది?

ఒకే భూమి మీద, ఒకే ప్రశ్న మీద నడిచే దావాలను మొదటి రోజే ఒక్క జడ్జి ముందుకు చేర్చడం కోర్టు తన సొంత బాధ్యతగా పెట్టుకోవాలి. ఎవరో ఒకరు పిటిషన్ వేస్తేనో, అవతలివారు ఒప్పుకుంటేనో జరిగే పనిగా అది ఉండకూడదు. ఈ మాట ఎనిమిదేళ్లు నాన్నను బండి మీద ఎక్కించుకుని కోర్టుల చుట్టూ తిరిగాక అంటున్నాను. వేగం కోసం అని అందరూ అంటారు. వేగం నిజంగానే వస్తుంది. కానీ నాకు అంతకన్నా పెద్ద విషయం మరొకటి కనిపించింది. విడివిడిగా నడిపితే నిజం కూడా ముక్కలవుతుంది.

ఆ కాగితం రాసిన పెద్దాయన దస్తావేజు లేఖరి. 2017 చివర్లో నాన్న దావాలో సాక్ష్యం చెప్పడానికి వచ్చారు. అప్పటికే ఎనభై దాటాయి. బోను దగ్గర కుర్చీ వేయించి కూర్చోబెట్టారు. కాగితం చేతికిస్తే ముందు చదవలేదు. వెలుగుకు ఎత్తి పట్టి, బొటనవేలితో అంచు నుంచి అంచు వరకూ తడిమి, "ఇది నా రాతే. చివర ఈ 'క్ష' చూడండి, తోక ఇలా తిప్పేది నేనొక్కడినే" అన్నారు. తర్వాత ఎవరూ అడగకుండానే, "ఆ రోజు అమ్మాయి కూడా వసారాలోనే కూర్చుని ఉంది" అన్నారు. అమ్మాయి అంటే మా అత్తయ్య. బాబాయి ప్లీడరుకు ఆ మాటతో పని లేదు, క్రాస్‌లో అంటే ఎదురు ప్రశ్నల్లో, దాని జోలికే పోలేదు. అత్తయ్య ఆ దావాలో పార్టీ కాదు, కాబట్టి ఆమె తరఫున అక్కడ ఎవరూ లేరు. 2019లో ఆ పెద్దాయన పోయారు.

అత్తయ్య దావాలో సాక్ష్యం మొదలయ్యేసరికి ఆ వాంగ్మూలం నకలు తెచ్చి దాఖలు చేద్దామని మా ప్లీడరు గారు చూశారు. అవతలి ప్లీడరు గారు లేచి, ఆ సాక్షిని క్రాస్ చేసే అవకాశం మా పార్టీకి రాలేదు, ఆ మాటలు మా మీద ఎలా చెల్లుతాయి అన్నారు. ఆ అభ్యంతరం న్యాయమైనది. 1872 నాటి సాక్ష్య చట్టం 33వ సెక్షనులో అదే ఉంది. దాని స్థానంలో 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమంలోనూ ఆ సూత్రం అలాగే ఉంది. చనిపోయిన సాక్షి పాత వాంగ్మూలాన్ని ఇంకో దావాలో వాడాలంటే, అప్పట్లో అవతలి పక్షానికి క్రాస్ చేసే హక్కు, అవకాశం ఉండి ఉండాలి. మాకు అది కుదరలేదు. నన్ను ఇప్పటికీ బాధపెట్టేది మేం నష్టపోయామని కాదు. వసారాలో కూర్చున్న అత్తయ్యను ఆ రోజు ఎవరైనా ఏమైనా అడిగారా? ఆమె సరేనందా? లేక మగవాళ్ల మధ్య మాట్లాడలేక తల వంచుకుని కూర్చుందా? ఆ ప్రశ్నలు ఆ పెద్దాయనను అడగగలిగినవాళ్లు రెండో కోర్టులో ఉన్నారు, ఆయన మొదటి కోర్టులో ఉన్నారు. అడిగి ఉంటే అత్తయ్యకే మేలు జరిగేదేమో. ఆ మాట ఇక ఎవరికీ దక్కదు.

కేసులను ఇలా కలిపి వినడాన్ని కోర్టు ఆవరణలో 'క్లబ్ చేయడం' అంటారు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 1908 నాటిది. అందులో దావాలు కలపడం గురించి సూటిగా ఒక్క సెక్షను లేదు. న్యాయం కోసం కోర్టుకు సహజంగా ఉండే అధికారాన్ని చెప్పే 151వ సెక్షను కిందే ఈ పని జరుగుతుంది. ఉత్తరప్రదేశ్ మాత్రం 1976లో సవరణ తెచ్చి 4-ఏ ఆర్డరు పేరుతో కోడ్‌లోనే దీన్ని రాసుకుంది. దావాలు రెండూ ఒకే కోర్టులో ఉంటే అక్కడే ఒక పిటిషన్ వేయవచ్చు. వేర్వేరు కోర్టుల్లో ఉంటే జిల్లా కోర్టులో 24వ సెక్షను కింద ట్రాన్స్‌ఫర్ ఓపీ (దావాను మరో కోర్టుకు మార్చమనే పిటిషన్) వేసి, ముందు ఒక చోటికి చేర్చుకోవాలి. రెండు జిల్లాల మధ్య అయితే హైకోర్టుకు, రెండు రాష్ట్రాల మధ్య అయితే సుప్రీంకోర్టుకు వెళ్లాలి.

ఇందులో మన తెలుగు నేలకు సంబంధించిన కేసు ఒకటుంది. భీమునిపట్నం దగ్గరి చిట్టివలస జూట్ మిల్లుకు, మధ్యప్రదేశ్‌లోని రేవా సిమెంటు కంపెనీకి మధ్య ఒకే లావాదేవీ మీద ఇరువైపులా దావాలు నడిచాయి. 2004లో సుప్రీంకోర్టు ఆ రెండింటినీ ఒకే కోర్టు కలిపి విచారించాలని తేల్చింది. కోడ్‌లో ప్రత్యేకంగా రాసి లేకపోయినా 151 కింద కలపవచ్చని, ఒకే సాక్ష్యాన్ని రెండుసార్లు చెప్పించే శ్రమ, ఖర్చు, ఆలస్యం తప్పుతాయని అందులో ఉంది. 2021 ఏప్రిల్‌లో వచ్చిన రాహుల్ షా కేసు తీర్పు ఇంకో అడుగు ముందుకు వేసింది. స్థిరాస్తి స్వాధీనం కోరే దావాల్లో ఆ ఆస్తి మీద మూడో మనిషి హక్కు ఏమైనా ఉందా అని కోర్టే పార్టీలను పిలిచి అడగాలి, అవసరమైన అందరినీ అదే దావాలో చేర్చాలి, దావాల మీద దావాలు పుట్టకుండా చూడాలి అని కింది కోర్టులకు ఆదేశాలు ఇచ్చింది. అంటే అధికారానికి కొదవ లేదు. అడిగే అలవాటే లేదు.

సివిల్ ప్రొసీజర్ కోడ్ పదో సెక్షను ఉంది కదా, మొదటి దావా తేలేదాకా రెండోది ఆపవచ్చు కదా అని మా బంధువుల్లో చదువుకున్న ఒకాయన అన్నారు. మా విషయంలో అది అతకదు, పార్టీలు వేరు, కోరిన ఉపశమనం వేరు. అతికినా అది మందు కాదు. ఒకటి నడుస్తుంటే ఇంకొకటి పదేళ్లు గూట్లో పడుకుంటుంది. ఆపడం వేరు, కలపడం వేరు.

ఇక కలపడానికి ఎవరు అడ్డు? మా ఇంటి సంగతే చెబుతాను. 2018లో మా ప్లీడరు గారు, "అన్నీ ఒక చోటికి తెప్పిద్దామండీ" అంటే నాన్న వద్దన్నారు. చేతిలో ఇంజంక్షన్ ఆర్డరు ఉంది. దావా ఎంత సాగితే అంత కాలం పొలం ఆయన సాగులోనే ఉంటుంది. ఆ ఒక్క పంట పోయినా మిగతా ఏళ్లు దున్నుకున్నది ఆయనే. అత్తయ్య చేతిలో ఏ ఆర్డరూ లేని తొలి నెలల్లో ఆమె కలపమని అడిగింది. యథాతథ స్థితి ఆర్డరు రాగానే ఆమె కూడా వెనక్కి తగ్గింది. బాబాయికి ఏ తీర్పు వచ్చినా అడ్వాన్సు తిరిగి కట్టాల్సి వస్తుందని భయం. ఎవరి చేతిలో ఆ పూటకు పైచేయి ఉంటే వాళ్లకు ఆలస్యమే లాభం. మా నాన్న చెడ్డ మనిషి కాదు. ఆ స్థానంలో ఎవరున్నా అదే చేస్తారు. అందుకే దీన్ని పార్టీల ఇష్టానికి వదలకూడదంటున్నాను.

కలపడంలోనూ చిక్కులున్నాయి, వాటిని దాచి మాట్లాడితే నా మాటకు విలువ ఉండదు. ఒక దావా ఆర్గ్యుమెంట్ల దాకా వచ్చి, ఇంకోదానిలో జవాబు దావా కూడా పడకపోతే, కలపడమంటే పండిన చేనును నారుమడి కోసం ఆపినట్టే. ఒక సాక్షిని ఆరుగురు ప్లీడర్లు వంతులవారీగా క్రాస్ చేస్తారు, అది రోజుల తరబడి సాగుతుంది. పార్టీల్లో ఒకరు చనిపోతే వారసులను చేర్చే పిటిషన్ తొంభై రోజుల్లో పడాలి. ఆ ఒక్క మరణంతో అన్ని ఫైళ్లూ ఆగుతాయి. వీటిలో మొదటిదానికి జవాబు త్వరగా కలపడమే, అందుకే మొదటి రోజు అంటున్నాను. రెండోదానిలో, ఆరుగురూ ఒకేసారి అడగడం మూడు చోట్ల మూడుసార్లు అడగడం కన్నా నయమే. మూడోదానికి నా దగ్గర పూర్తి జవాబు లేదు. మాకూ మధ్యలో ఒక చావు వచ్చింది, ఏడు నెలలు పోయాయి.

మరో ప్రమాదం ఉంది, దీన్ని మాత్రం దావా ఉన్న ప్రతి ఒక్కరూ గుర్తు పెట్టుకోవాలి. కలిపి విన్నా దావాలు ఒక్కటైపోవు. తీర్పు ఉమ్మడిగా ఒక్కటే రావచ్చు, డిక్రీలు (తీర్పులో తేల్చినదాన్ని చెప్పే అధికారిక ఉత్తర్వులు) మాత్రం దేనికది విడిగా వస్తాయి. ఓడినవాళ్లు ఖర్చు తగ్గుతుందని ఒక్క డిక్రీ మీదే అప్పీలు వేసి రెండోది వదిలేస్తే, వదిలేసిన డిక్రీ ఖాయమైపోతుంది. అది వేసిన అప్పీలుకే అడ్డంగా నిలబడుతుంది. 1966లో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు దీనికి ఆధారం. 2014లో ఒక దేవాలయ భూమి కేసులో మళ్లీ అదే జరిగింది. ఈ సంగతి తెలియక ఆస్తి పోగొట్టుకోవడం కన్నా ఘోరం ఉండదు.

మరి ఫలానా భూమి మీద ఇంకో దావా ఉందని కోర్టుకు మొదటి రోజే ఎలా తెలుస్తుంది? ఈ ప్రశ్న దగ్గరే నాకు కోపం వస్తుంది. ఎందుకంటే జవాబు కోర్టు బల్ల మీదే ఉంది. స్థిరాస్తి మీద దావా వేస్తే ఆ ఆస్తిని గుర్తుపట్టేలా హద్దులైనా, సర్వే నంబర్లైనా దావా పత్రంలో రాయాలని కోడ్‌లోని 7వ ఆర్డరు 3వ రూలు చెబుతుంది. మన జిల్లాల్లో పడే ప్రతి భూమి దావా చివరా షెడ్యూలు ఉంటుంది. గ్రామం, సర్వే నంబరు, విస్తీర్ణం, నాలుగు హద్దులు అందులో ఉంటాయి. ఆ కాగితం ఫైలులో కుట్టేసి ఊరుకుంటారు. ఈ-కోర్టుల సైటు తెరిచి చూడండి. పార్టీ పేరుతో, కేసు నంబరుతో, ప్లీడరు పేరుతో, చట్టం పేరుతో వెతకవచ్చు. సర్వే నంబరుతో వెతకడానికి గడి లేదు. పేరుతో వెతకడం మన ఊళ్లలో ఎంత పని చేస్తుంది? ఒకే ఇంటిపేరు, ఒకే తాత పేరు పెట్టుకున్న మనవళ్లు నలుగురుంటారు. ఒక గుమాస్తా ఒకలా రాస్తే ఇంకొకరు ఇంకోలా రాస్తారు.

రిజిస్ట్రేషన్ శాఖ ఈసీని (ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీల పత్రం) సర్వే నంబరుతో ఇస్తోంది. 2015లో మొదలైన మీ భూమి పోర్టల్‌లో అడంగల్, 1-బి సర్వే నంబరుతోనే వస్తాయి. భూమిని నంబరుతో గుర్తుపట్టడం సబ్ రిజిస్ట్రారుకు వచ్చు, తహసీల్దారుకు వచ్చు. భూమి మీద ఆఖరి మాట చెప్పే కోర్టు కంప్యూటరుకు మాత్రం రాదు. దావా దాఖలైన రోజు గుమాస్తా గ్రామం, సర్వే నంబరు కొడితే, "ఈ నంబరు మీద ఫలానా కోర్టులో ఫలానా దావా ఉంది" అని తెర మీద రావాలి. ఆ చీటీ ఫైలు మీద అంటించి జడ్జి గారి ముందు పెట్టాలి. రీసర్వే జరిగిన ఊళ్లలో పాత సర్వే నంబరు పోయి ఎల్‌పీఎం (ల్యాండ్ పార్సెల్ మ్యాప్) నంబరు వచ్చింది కనుక, పాతదీ కొత్తదీ రెండూ రాయించాలి. లేకపోతే 2016 దావా పాత నంబరు మీద, 2025 దావా కొత్త నంబరు మీద నడుస్తూ, రెండూ ఒకే భూమి అని ఎవరికీ తట్టదు. మహారాష్ట్ర, గుజరాత్‌లలో 1939 నాటి సవరణతో, భూమి మీద దావా ఉందన్న నోటీసును రిజిస్టర్ చేయించే పద్ధతి ఉంది. కొనేవాడికి అది కనిపిస్తుంది. మాకు అలాంటిది ఉండి ఉంటే బాబాయికి అడ్వాన్సు ఇచ్చిన ఆసామి ఇస్తాడా? మూడో దావా పుట్టేదే కాదు.

ల్యాండ్ టైట్లింగ్ చట్టం వచ్చినప్పుడు గుంటూరు, విజయవాడ ప్లీడర్లు విధులు బహిష్కరించి రోడ్డెక్కారు. భూమి తగాదాల్లో సివిల్ కోర్టు గుమ్మం మూసేస్తే సామాన్యుడు ఎక్కడికి పోవాలన్నది వాళ్ల ప్రశ్న. నేనూ వాళ్ల పక్షమే. ఆ చట్టం 2024లో రద్దయింది. గుమ్మం తెరిచే ఉంది. కానీ లోపలికి వెళ్లిన మనిషి ఒకే పొలం కోసం మూడు గదుల్లో మూడు బెంచీల మీద కూర్చోవాల్సి వస్తే, ఆ పోరాటం సగంలో ఆగినట్టే. విజయవాడలో 2013లో పునాది పడిన కోర్టుల భవనం 2022 ఆగస్టులో ప్రారంభమైంది. అన్నేళ్లు పట్టినా అందరికీ మంచి నీడ దొరికింది. కోర్టులు ఒక కప్పు కిందికి వచ్చాయి. ఇక ఫైళ్లు కూడా ఒకచోటికి రావాలి.

మా దావాలు కలిసింది 2022లో. కలపమని చివరికి అడిగింది ఆ కొనుగోలు ఆసామి. నాలుగేళ్లు వడ్డీ కట్టి కట్టి విసిగి జిల్లా కోర్టులో ట్రాన్స్‌ఫర్ ఓపీ వేశాడు. నాన్న అడ్డం చెప్పలేదు, అప్పటికి ఆయనా అలిసిపోయారు. అత్తయ్య దావాను ప్రధాన దావాగా పెట్టి, సాక్ష్యం అందులోనే రికార్డు చేసి మిగతా రెండింటికీ వర్తింపజేయాలని ఉత్తర్వు వచ్చింది. అంతకుముందు ఆరేడేళ్లలో కదలనిది ఆ తర్వాత పద్నాలుగు నెలల్లో తీర్పు దాకా వచ్చింది, మధ్యలో పోయిన ఆ ఏడు నెలలతో కలిపి. 1999 కాగితం అన్నదమ్ముల మధ్య చెల్లుతుంది, అత్తయ్యను కట్టదు అన్నారు. ఆమెకు మూడో వంతు, కొన్న ఆసామికి బాబాయి వాటాలో పడినంత. అప్పీలుకు ఎవరూ పోలేదు.

ఆ పద్నాలుగు నెలల్లో ఒక రోజు గురించి చెప్పి ఆపుతాను. పాత రెండు దావాల్లో కోర్టులు పంపిన ఇద్దరు అడ్వకేట్ కమిషనర్లు వేర్వేరుగా వచ్చి పొలం కొలిచారు. ఒకరు తూర్పున తాటిచెట్టు నుంచి గొలుసు పట్టించారు, ఇంకొకరు కాలువ తూము దగ్గర నుంచి. రెండు నివేదికలకూ ఏడు సెంట్లు తేడా వచ్చింది. గట్టు జరిపావని నాన్న, జరపలేదని బాబాయి కొట్లాడుకున్నది ఆ ఏడు సెంట్ల మీదే. దావాలు కలిశాక జడ్జి గారు ఒక్క కమిషనరును, ఒక్క మండల సర్వేయరును వేసి, రెండు గుర్తుల నుంచీ కొలిచి ఒకే పటం మీద చూపించమన్నారు. ముగ్గురు తోబుట్టువులూ పొలానికి వచ్చారు. సర్వేయరు ఎఫ్ఎంబీ (సర్వే కొలతల పటం) నకలు గట్టు మీద పరిచి, గాలికి ఎగరకుండా నాలుగు మూలలా మట్టిగడ్డలు పెట్టాడు. తాటిచెట్టు నుంచి ఒకసారి, తూము నుంచి ఒకసారి కొలిచి, పటం మీద స్కేలు పెట్టి చాలాసేపు చూశాడు. తర్వాత లేచి, చెట్టుకూ మా గట్టుకూ మధ్య గడ్డి మొలిచిన బండి బాట వైపు చెయ్యి చూపించి, "ఈ ఏడు సెంట్లు మీవి కావండీ. ఇది డొంక పోరంబోకు" అన్నాడు.

నాన్న, బాబాయి ఇద్దరూ ఆ డొంక వైపు చూస్తూ నిలబడ్డారు. అత్తయ్య తన సీసాలోని మంచినీళ్లు ముందు బాబాయికి, తర్వాత నాన్నకు ఇచ్చింది.